అత్తయ్యగారి మోకాలు, ఒక జెడ్ కోడు, ఒక టి కోడు

కిందటి వేసవిలో మా అత్తయ్యగారు తెనాలి నుంచి డాలస్‌లో మా ఇంటికి ఆరు నెలలు ఉండటానికి వచ్చారు. నాలుగేళ్ళ కిందట విజయవాడలో ఆవిడకి కుడి మోకాలు మార్పించాం. వచ్చిన మూడో వారంలో బాత్రూంలో తడి మీద కాలు జారి పడ్డారు. కుడి మోకాలు కమిలి వాచింది. అర్జెంట్ కేర్‌కి తీసుకెళ్తే ఎక్స్‌రే తీశారు. ఎముక విరగలేదు, లోపలి ఇంప్లాంటు కదల్లేదు, ఐస్ పెట్టండి, నొప్పి మాత్ర వేసుకోండి అన్నారు. హమ్మయ్య అనుకుని ఇంటికి వచ్చాం.

ఐదు వారాల తర్వాత విజిటర్ ఇన్సూరెన్స్ నుంచి ఉత్తరం వచ్చింది. క్లెయిమ్ ఇవ్వరట. ఇది ముందునుంచీ ఉన్న ఇంప్లాంటుకు సంబంధించిన సమస్య కాబట్టి పాలసీలోకి రాదట. అర్జెంట్ కేర్ వాళ్ళ కాగితం తీసి చూస్తే, డయాగ్నసిస్ దగ్గర ఇంగ్లీషులో ఒక వాక్యం ఉంది. తెలుగులో చెప్పాలంటే, లోపల పెట్టిన కృత్రిమ పరికరం వల్ల వచ్చిన నొప్పి అని. దాని పక్కన ఒక కోడు.

మా అత్తయ్యగారు హైస్కూల్ టీచరుగా రిటైరయ్యారు. ఇంగ్లీషు బాగా చదువుతారు. ఆ కాగితం చదివి, "ఏమ్మా, నా మోకాలు మళ్ళీ పాడైపోయిందా? మీ మామయ్యగారు ఫిక్స్‌డ్ డిపాజిట్ తీసి చేయించారే" అన్నారు. అప్పటికే మెట్లెక్కి దిగుతున్న మనిషి రెండు రోజులు మంచం దిగలేదు. ఇన్సూరెన్స్ డబ్బు కన్నా అదే నన్ను ఆ కాగితం ముందు కూర్చోబెట్టింది.

నేను చదివింది బీఎస్సీ బయోకెమిస్ట్రీ. హెచ్4 మీద ఇంట్లో ఉన్న రోజుల్లో మెడికల్ కోడింగ్ నేర్చుకుని పరీక్ష కూడా పాసయ్యాను. ఉద్యోగం మాత్రం చేయలేదు. హైదరాబాద్‌లో ఈ పని మీద బతికే కుటుంబాలు చాలా ఉన్నాయి. అమెరికా ఆసుపత్రుల చార్టులు అక్కడ మన పిల్లలే చదివి కోడ్ చేస్తుంటారు. అయినా మన ఇంటి కాగితం మీద ఆ కోడు పడితే దాని అర్థం ఏమిటో మనలో చాలామందికి తెలియదు. శరీరంలో ఏదో ఒక పరికరం ఉన్న పెద్దవాళ్ళు మన ఇళ్ళకు వస్తూ పోతూ ఉంటారు కాబట్టి, నాకు తెలిసింది రాస్తున్నాను. కాగితం మీద కోడ్లు ఇంగ్లీషు అక్షరాల్లో ఉంటాయి. ఇక్కడ వాటిని పలికే తీరులో రాశాను.

ఉంది, పని చేస్తోంది

అమెరికాలో జబ్బులకు వాడే కోడ్ల పుస్తకం పేరు ఐసీడీ-10-సీఎం. 2015 అక్టోబర్ 1 నుంచి అమల్లో ఉంది. మొత్తం 70 వేలకు పైగా కోడ్లు. ఏటా అక్టోబర్ 1న మార్పులు చేస్తారు. ఇందులో జెడ్ అక్షరంతో మొదలయ్యేవి జబ్బులు కావు. మనిషి గురించి డాక్టరుకు తెలిసి ఉండాల్సిన సంగతులు. శరీరంలో పెట్టిన పరికరాలు ఎక్కువగా జెడ్95, జెడ్96 వరసల్లో వస్తాయి. గుండెకు, రక్తనాళాలకు సంబంధించినవి జెడ్95. కీళ్ళు, కంటి లెన్సు, చెవి, ఇన్సులిన్ పంపు లాంటివి జెడ్96. లోపల పెట్టకుండా పైన వాడే హియరింగ్ ఎయిడ్, కట్టుడు పళ్ళు, కృత్రిమ కాలు జెడ్97లోకి పోతాయి.

జెడ్96 కోడు చెప్పేది ఒక్కటే: ఈ పరికరం ఉంది, ఇప్పుడు దానితో గొడవేమీ లేదు. కోడింగ్ భాషలో దీన్ని స్టేటస్ కోడ్ అంటారు. జబ్బు కాదు గదా, ఎందుకు రాయడం అంటే, ఆ పరికరం ఉండటం వల్ల మిగతా వైద్యం మారవచ్చు కాబట్టి. మోకాలు మార్చిన మనిషికి జ్వరం వస్తే, ఆ కీలు వాచిందా అని డాక్టరు ఒకసారి చూడాలి. పేస్‌మేకర్ ఉన్న మనిషికి ఎంఆర్ఐ రాసేముందు ఆగి ఆలోచించాలి.

మోకాలి కోడు విప్పి చూస్తే దీని కట్టుబాటు అర్థమవుతుంది. జెడ్96.6 అంటే కృత్రిమ కీలు. జెడ్96.65 అంటే మోకీలు. చివరి అంకె 1 అయితే కుడి, 2 అయితే ఎడమ, 3 అయితే రెండూ. 9 అంటే ఏ వైపో రాయలేదని. తుంటికి కూడా ఇదే పద్ధతి: జెడ్96.641 కుడి, 642 ఎడమ, 643 రెండు వైపులా. 2015కు ముందున్న పాత పుస్తకంలో మోకాలికి వి43.65 అని ఒక్కటే కోడు ఉండేది, కుడి ఎడమ తేడా లేదు. ఇప్పుడు ఆ తేడా రాసే వీలు వచ్చింది. మీ పెద్దవాళ్ళ కాగితంలో చివర 9 కనిపిస్తే ఏ కాలో డాక్టరు నోటులో లేదని అర్థం. చిన్న సంగతే గానీ, రెండో మోకాలు నొప్పి అని వెళ్ళినప్పుడు అదే పెద్ద తికమక అవుతుంది.

గొడవ ఉంది

పరికరంతోనే ఇబ్బంది వస్తే కోడు జెడ్ వరసలోంచి టి వరసలోకి మారుతుంది. కీళ్ళకైతే టి84. కుడి మోకాలి ఇంప్లాంటు వదులైతే టి84.032, దానికి ఇన్ఫెక్షన్ వస్తే టి84.53, పరికరం వల్ల నొప్పి అయితే టి84.84. ఇంప్లాంటు చుట్టూ ఉన్న ఎముక విరిగితే అది ఇంకో చోటికి, ఎం97కి పోతుంది. టి కోడ్ల చివర ఎ, డి, ఎస్ అనే అక్షరాల్లో ఒకటి ఉంటుంది. ఎ పక్కన ఇంగ్లీషులో మొదటి ఎన్‌కౌంటర్ అని రాసి ఉంటుంది గానీ మొదటిసారి వెళ్ళడం అని కాదు. ఆ దెబ్బకు వైద్యం ఇంకా జరుగుతున్నంత కాలం ఎ, తర్వాత మానే దశలో డి.

మా అత్తయ్యగారి కాగితం మీద ఉన్నది టి84.84ఎక్స్‌ఎ. బాత్రూంలో కాలు జారి కమిలిన మోకాలికి, ఇంప్లాంటే నొప్పి పెడుతోందని అర్థం వచ్చే కోడు పడింది. ఇన్సూరెన్స్ వాళ్ళు దాన్ని ఉన్నది ఉన్నట్టు చదివి కాదన్నారు. వాళ్ళనీ తప్పు పట్టలేం.

అమెరికా కోడింగ్ నిబంధనల్లో ఇక్కడ గట్టి సూత్రం ఒకటి ఉంది. ఇంప్లాంటు ఉన్న చోట నొప్పి ఉన్నంత మాత్రాన అది ఇంప్లాంటు వల్ల వచ్చినట్టు కాదు. ఈ ఇబ్బంది ఆ పరికరం వల్లే, లేదా ఆ ఆపరేషన్ వల్లే అని డాక్టరు నోటులో సంబంధం కనిపించాలి. అప్పుడే కాంప్లికేషన్ కోడు వేయాలి. లేకపోతే డాక్టరును అడగాలి. కోడర్ ఊహించుకుని వేయకూడదు.

పేషెంట్ పోర్టల్‌లో అత్తయ్యగారి విజిట్ నోటు తెరిచాం. 2021 ఏప్రిల్ నుంచి అమెరికాలో డాక్టరు రాసిన నోటు పేషెంటుకు ఆలస్యం లేకుండా చూపించాలన్న నిబంధన ఉంది. ఎవరికైనా అక్కర పడేదాకా దాన్ని తెరిచేవాళ్ళు తక్కువ. నోటు మొదట్లో బాత్రూంలో జారి పడ్డారని ఉంది. మధ్యలో మోకాలు కమిలిందనీ, ఎక్స్‌రేలో ఇంప్లాంటు ఉన్న చోటే సరిగ్గా ఉందనీ ఉంది. చివర, డయాగ్నసిస్ రాసే చోట మాత్రం, కుడి మోకాలి నొప్పి, మోకాలు మార్చిన పేషెంట్ అని ఒక్క ముక్క. కమిలిన దెబ్బ అన్న మాట ఆ వరసలోకి రాలేదు. నొప్పి, ఇంప్లాంటు అనే రెండు మాటలూ పక్కపక్కన పడ్డాయి. వాటిని ఎవరో కలిపేశారు. మనిషి కలిపారో, సాఫ్ట్‌వేర్ కలిపిందో నాకు తెలియదు.

బిల్లింగ్ ఆఫీసుకు ఫోన్ చేసినప్పుడు నేను ఒక మాట జాగ్రత్తగా ఎంచుకున్నాను. "ఈ కోడు మార్చండి, ఇన్సూరెన్స్ రావాలి" అనలేదు. అలా అడగకూడదు. డబ్బు కోసం కోడు మార్చమంటే అది మోసం కిందికి వస్తుంది. పైగా ఫోన్ ఎత్తిన మనిషికి మన మీద అనుమానం మొదలవుతుంది. నేను అడిగింది ఇదీ: "నోటులో పడటం, కమిలిన దెబ్బ, ఇంప్లాంటు బాగానే ఉందన్న ఎక్స్‌రే మాట ఉన్నాయి. డయాగ్నసిస్ మాత్రం ఇంప్లాంటు వల్ల నొప్పి అని ఉంది. డాక్టరుగారి ఉద్దేశం అదేనా? ఒకసారి కోడింగ్ రివ్యూకి పంపుతారా?" మా అత్తయ్యగారి సంతకంతో మేము మాట్లాడవచ్చన్న అనుమతి పత్రం ముందే ఇచ్చాం. అది లేకపోతే కోడలితో వాళ్ళు మాట్లాడరు, కొడుకుతోనూ మాట్లాడరు.

పది రోజులకు డాక్టరు నోటుకు చిన్న చేర్పు రాశారు: పడటం వల్ల కుడి మోకాలికి కమిలిన గాయం, ఇంప్లాంటు సమస్య ఆధారాలు లేవు. కొత్త కోడ్లు ఎస్80.01ఎక్స్‌ఎ, అంటే కుడి మోకాలు కమిలిన దెబ్బ. కాలు జారి పడటానికి డబ్ల్యు01.0ఎక్స్‌ఎక్స్‌ఎ. రెండో స్థానంలో జెడ్96.651, కుడి కృత్రిమ మోకాలు ఉంది. సవరించిన క్లెయిమ్ మళ్ళీ పంపారు. పాలసీలో ప్రమాదాల కింద అది పాసైంది. కొత్త కాగితం చూపించి, జెడ్ అంటే నీ మోకాలు బాగానే ఉందని అత్తయ్యా అని చెప్పాను. "అయితే ఆ టి ఎవరు పెట్టారు?" అని అడిగి, లేచి వంటింట్లోకి వచ్చారు.

అన్నీ ఇలా మనకు అనుకూలంగా తేలతాయని కాదు. డాక్టరు చూసి నిజంగానే ఇంప్లాంటు వదులైందని రాస్తే టి కోడే సరైంది. దానితో పోట్లాడి లాభం లేదు. పైగా ఆ కోడు ఉంటేనే తర్వాతి ఆర్థోపెడిక్ డాక్టరు సరైన దారిలో చూస్తారు. ఇన్సూరెన్స్ పోతుందని నిజమైన సమస్యను చిన్న దెబ్బగా రాయించుకుంటే నష్టపోయేది ఆ మనిషే.

జబ్బు పోయిందా, ఉందా

ఇంప్లాంటు పెట్టాక అసలు జబ్బు కోడు ఉండాలా వద్దా? ఇది నేర్చుకునేటప్పుడు నన్ను బాగా తికమక పెట్టింది. జవాబు పరికరాన్ని బట్టి మారుతుంది.

మోకాలు మార్చాక ఆ కీలులో అరుగుదల అనేది ఉండదు. అరిగిన కీలునే తీసేశారు. కాబట్టి కుడి మోకాలు మార్చిన మనిషికి కుడి మోకాలి ఆర్థరైటిస్ కోడు ఎం17.11 ఇంకా పడుతుంటే అది పాత కాగితం నుంచి అలా కాపీ అవుతూ వస్తున్న తప్పు. ఎడమ మోకాలు ఇంకా అరుగుతుంటే ఎం17.12, దాని పక్కన జెడ్96.651. ఈ రెండూ కలిపి చదివితే మనిషి కాళ్ళు రెండూ కళ్ళ ముందు కనిపిస్తాయి. ఆపరేషన్ అయిన కొత్తలో డ్రెస్సింగ్‌కి, చెకప్‌కి వెళ్ళేటప్పుడు జెడ్47.1 అని వేరే కోడు ముందు ఉంటుంది. అది ఆపరేషన్ తర్వాతి సంరక్షణకు. దానికి తోడుగా ఏ కీలో చెప్పే జెడ్96.6 వరస కోడు వస్తుంది.

కంటి శుక్లం కూడా ఇంతే. శుక్లం తీసి లెన్సు పెట్టాక ఆ కంటికి శుక్లం కోడు ఉండకూడదు. లెన్సు ఉందని చెప్పేది జెడ్96.1. విచిత్రంగా ఈ కోడులో కుడి ఎడమ లేదు. ఏ కంటికి శుక్లం తీశారో చెప్పడానికి జెడ్98.41 కుడి, జెడ్98.42 ఎడమ అని తోడు కోడ్లు ఉన్నాయి. కొన్నాళ్ళకు లెన్సు వెనక పొర మసకబారి మళ్ళీ చూపు తగ్గితే, శుక్లం మళ్ళీ వచ్చిందని మనవాళ్ళు కంగారు పడతారు. దాని కోడు వేరు, హెచ్26.49 వరస. చాలావరకు లేజర్‌తో క్లినిక్‌లోనే సరిచేస్తారు.

స్టెంట్ సంగతి దీనికి తిరగబడి ఉంటుంది. స్టెంట్ పెట్టినంత మాత్రాన గుండె రక్తనాళాల జబ్బు పోదు. ఆ ఒక్క చోట దారి తెరుచుకుంది, అంతే. అందుకే ఐ25.10 లాంటి జబ్బు కోడూ ఉంటుంది, పక్కన స్టెంట్ ఉందని జెడ్95.5 కూడా ఉంటుంది. బెలూన్‌తో తెరిచి స్టెంట్ పెట్టకుండా వదిలేసిన వాళ్ళకు అది వర్తించదు, వాళ్ళది జెడ్98.61. మన నాన్నలు ఆపరేషన్ అయిపోయింది, ఇక మాత్రలెందుకు అంటారే, ఆ జబ్బు కోడు వాళ్ళకు చూపించండి.

కాక్లియర్ ఇంప్లాంటూ అంతే. ఆరోగ్యశ్రీ కింద మన దగ్గర ఎందరో పిల్లలకు ఇది చేశారు. అలాంటి పిల్లలు ఇక్కడి స్కూళ్ళకు వచ్చినప్పుడు కాగితాల్లో రెండూ ఉండాలి: వినికిడి లోపం కోడు, రెండు చెవులకైతే హెచ్90.3, ఇంప్లాంటు ఉందని జెడ్96.21. పరికరం తీసి పక్కన పెడితే ఆ బిడ్డకు వినపడదు. లోపం అలాగే ఉంది. ఇంప్లాంటు వచ్చింది కదా అని లోపం కోడు తీసేస్తే స్కూల్లో అందాల్సిన సాయానికి ఆధారం పోతుంది. మామూలు హియరింగ్ ఎయిడ్ అయితే జెడ్97.4. ఈ రెంటినీ కలిపేసిన కాగితాలు చూశాను.

ఇక్కడ పుట్టిన పిల్లల్లో చెవి ఇన్ఫెక్షన్లు ఎక్కువైతే పెట్టే సన్న గొట్టాలకు జెడ్96.22. అవి కొన్ని నెలలకు వాటంతటవే ఊడిపోతాయి. ఊడాక ఆ కోడు తీసేయించాలి, ఎవరూ తీయరు.

ఇన్సులిన్ పంపు నడుముకు పైన తగిలించుకునేదైనా జెడ్96.41 కిందికే వస్తుంది. టైప్ 2 వాళ్ళకు ఇన్సులిన్ వాడుతున్నారని జెడ్79.4 కూడా తోడవుతుంది. పంపు చెడి షుగర్ పెరిగి ఎమర్జెన్సీకి వెళ్తే టి85.614ఎ, మందు తక్కువ పడిందని చెప్పే ఇంకో కోడు, తర్వాత షుగర్ కోడు. యంత్రం చెడటం వల్లే షుగర్ పెరిగిందని కాగితంలో లేకపోతే, మనిషి మందు సరిగ్గా వేసుకోలేదన్న అర్థం పోతుంది. ఎమర్జెన్సీలో ఎంత హడావిడిగా ఉన్నా పంపు ఆగిపోయిన టైము చెప్పండి.

పీపీఐ అంటే ఏమిటి

ఇండియా నుంచి వచ్చే డిశ్చార్జ్ సమ్మరీల్లో పొడి అక్షరాలు ఎక్కువ. అక్కడి డాక్టర్లకు అవి నోటి మాటలు. ఇక్కడి నర్సులకు కొన్ని కొత్త, కొన్నింటికి అర్థమే వేరు. మోకాలు మార్పిడిని మనవాళ్ళు టీకేఆర్ అంటే ఇక్కడ చాలాచోట్ల టీకేఏ అంటారు, అది ఎలాగో తెలుసుకుంటారు. పీసీఐఓఎల్ అంటే కంట్లో లెన్సు, దానికీ పెద్ద ఇబ్బంది లేదు. నాకు భయం వేసేది పీపీఐ. ఇండియాలో గుండె డాక్టర్లు పీపీఐ అని రాస్తే పర్మనెంట్ పేస్‌మేకర్ పెట్టారని. అమెరికాలో ఆ మూడక్షరాలు చూడగానే గుర్తొచ్చేది ఎసిడిటీ మాత్ర. పేస్‌మేకర్ ఉన్న మనిషి రికార్డులో జెడ్95.0 లేకుండా, కడుపు మంటకు మందు వాడుతున్నారని పడితే ఎంత ప్రమాదమో చెప్పక్కర్లేదు. పేస్‌మేకర్‌తో పాటు గుండెకు షాక్ ఇచ్చే డీఫిబ్రిలేటర్ ఉంటే దాని కోడు జెడ్95.810. ఈ తేడా ఇంట్లోవాళ్ళకే తెలియకపోవడం మామూలు. అంతా పేస్‌మేకరే అంటారు.

అందుకే పొడి అక్షరాలను పూర్తి మాటలుగా విప్పి, ఒక్క పేజీలో ఇంగ్లీషులో టైప్ చేసి పెట్టుకోవడం మంచిది. ఏ పరికరం, ఏ వైపు, ఏ నెల ఏ సంవత్సరం, ఏ ఊళ్ళో, ఏ కంపెనీ, ఏ మోడల్. వీలైతే అక్కడి డాక్టరు సంతకం, ముద్ర. కోడ్లు మీరు రాయవద్దు. అవి ఇక్కడి వాళ్ళు వేసుకుంటారు.

కోడు చెప్పని సంగతి

కంపెనీ, మోడల్ ఎందుకంటే, జెడ్96.651 అన్న కోడులో ఆ సంగతి ఎక్కడా లేదు. కుడి మోకాలు కృత్రిమమైంది అని తప్ప, ఎవరు చేసింది, ఏ బ్యాచ్, ఏ లోహం అన్నది కోడు చెప్పదు. జెడ్95.0 కూడా అంతే. పేస్‌మేకర్ ఉన్న మనిషికి ఎంఆర్ఐ తీయవచ్చా అన్నది పేస్‌మేకర్ మోడల్ మీదే కాదు, దాని నుంచి గుండెకు వెళ్ళే తీగల మోడల్ మీద కూడా ఆధారపడుతుంది. ఆ రెండు నంబర్లూ పేస్‌మేకర్ పెట్టినప్పుడు ఇచ్చే చిన్న కార్డు మీద ఉంటాయి. ఆ కార్డు ఇంట్లో బీరువాలో ఉండి, మనిషి ఇక్కడ స్కానింగ్ గది బయట కూర్చుంటే ఏం లాభం?

2010 ఆగస్టులో డెప్యూ కంపెనీ ఏఎస్ఆర్ అనే తుంటి ఇంప్లాంటును ప్రపంచమంతటా రీకాల్ చేసింది. ఇండియాలో వేల మందికి అది పెట్టారు. తర్వాత కేంద్ర ప్రభుత్వం వేసిన నిపుణుల కమిటీ లెక్క చూస్తే అందులో ఎక్కువమంది ఆచూకీయే దొరకలేదు. తుంటి మార్చారన్న సంగతి కాగితంలో ఉన్నా, ఏది పెట్టారో లేకపోతే ఇలాగే అవుతుంది. ఇంగ్లండ్‌లో కీళ్ళ మార్పిడికి 2003 నుంచి జాతీయ రిజిస్ట్రీ నడుస్తోంది, అక్కడ ఏ మనిషికి ఏ ఇంప్లాంటో వెతికి పట్టుకోగలరు.

మనకు ఒక వెసులుబాటు ఉంది. 2017లో ఇండియాలో ఫిబ్రవరిలో స్టెంట్లకు, ఆగస్టులో మోకాలి ఇంప్లాంట్లకు ధరల పరిమితి పెట్టినప్పుడు, ఆసుపత్రి బిల్లులో వాటి ధర, బ్రాండు, బ్యాచ్ నంబరు విడిగా చూపాలని కూడా అన్నారు. అందుకే డిశ్చార్జ్ సమ్మరీలో కనపడని వివరం బిల్లులో దొరకవచ్చు. ఇంప్లాంటు డబ్బా మీది స్టిక్కర్లు కేస్ షీటులో అతికిస్తారు, అడిగితే ఫోటోకాపీ ఇస్తారు. మా అత్తయ్యగారివి మామయ్యగారు ఇన్‌కమ్ ట్యాక్స్ ఫైల్లో దొరకబుచ్చుకుని వాట్సాప్‌లో పంపారు.

పంటి డాక్టరు దగ్గరా ఇదే పని. గుండెలో కృత్రిమ వాల్వు ఉన్నవాళ్ళకు, అంటే జెడ్95.2 వరసవాళ్ళకు, కొన్ని పంటి పనులకు ముందు యాంటీబయాటిక్ ఇవ్వాలన్నది అమెరికా గుండె వైద్యుల సంఘం సూచన. మోకాలు, తుంటి మార్చినవాళ్ళకు మామూలుగా అవసరం లేదని 2015లో డెంటల్ అసోసియేషన్ చెప్పింది. డెంటల్ క్లినిక్ ఫారంలో ఇంప్లాంటు ఉందా అన్న గడిలో ఊరికే అవును అని టిక్కు పెడితే, పంటి ఇంప్లాంటు అనుకునే అవకాశం ఉంది. దాని కోడు జెడ్96.5, అది వేరే సంగతి. ఏది ఉందో మాటల్లో రాయండి.

కాగితం సరిచేయించుకోవడం

అమెరికాలో హిపా చట్టం కింద మన రికార్డు కాపీ అడిగితే 30 రోజుల్లో ఇవ్వాలి. రికార్డులో తప్పుందని రాతపూర్వకంగా సవరణ అడగవచ్చు. 60 రోజుల్లో జవాబు ఇవ్వాలి, కావాలంటే కారణం చెప్పి ఇంకో 30 రోజులు తీసుకోవచ్చు. రికార్డు సరిగ్గానే ఉందని వాళ్ళు అనుకుంటే కాదనవచ్చు కూడా. అప్పుడు మన అభ్యంతరాన్ని రికార్డులో జతచేయమని అడిగే హక్కు ఉంది. విజిటర్ వీసా మీద వచ్చిన వాళ్ళకూ ఈ హక్కులు ఉన్నాయి, పౌరసత్వంతో పని లేదు. ఇన్సూరెన్స్ అప్పీలు గడువు వేరే ఉంటుంది, ఆ ఉత్తరంలోనే తేదీ చూసుకోండి. రికార్డు సవరణ కోసం ఎదురుచూస్తూ ఆ తేదీ దాటనివ్వకండి.

దుబాయ్, అబుదాబీల్లో ఉన్నవాళ్ళకు కూడా ఇన్సూరెన్స్ క్లెయిముల్లో ఇదే ఐసీడీ-10-సీఎం కనిపిస్తుంది. బ్రిటన్‌లో వాడేది డబ్ల్యూహెచ్ఓ ఐసీడీ-10, అందులో జెడ్96.6 అంటే కృత్రిమ కీలు ఉందనే, ఆ కోడు వైపు చెప్పదు. కోడు చూసి ఒక దేశం కాగితం ఇంకో దేశంలో ఎవరైనా పూర్తిగా అర్థం చేసుకుంటారనుకోవద్దు. కీలు ఏ వైపుదో మాటల్లో ఉండాలి.

మా అత్తయ్యగారు నవంబర్‌లో తిరిగి వెళ్ళారు. ఇంప్లాంటు స్టిక్కర్ల ఫోటో, పూర్తి మాటల్లో రాసిన ఒక పేజీ, సరిచేసిన అర్జెంట్ కేర్ కాగితం ప్లాస్టిక్ కవర్‌లో పెట్టి పాస్‌పోర్ట్ పక్కన సర్దాను. టి కోడు ఉన్న పాత కాగితం మాత్రం ఆవిడే అడిగి తీసుకున్నారు. తెనాలిలో వాళ్ళ ఆర్థోపెడిక్ డాక్టరుకు చూపించి, "చూశారా, మీరు పెట్టిన మోకాలికి అక్కడ పేరు పెట్టారు" అని అడుగుతారట.